సంయుక్త గోల్స్

ఎల్లేశం మా వ్యాఖ్యానపు గదిలో అడుగుపెట్టిన మొదటిరోజే కుర్చీలోంచి లేచి, కిటికీలోంచి తల బయటపెట్టి, "ఎనకకు రా! ఎనకకు రా బే!" అని మైదానంలోకి అరిచాడు. కింద ఎర్ర బనీను డిఫెండరు ఉలిక్కిపడి గోలు వైపు పరిగెత్తాడు. సరిగ్గా అప్పుడే వచ్చిన బంతిని తలతో కొట్టి బయటపడేశాడు. తప్పనిసరి అనుకున్న గోలు తప్పిపోయింది.

వ్యాఖ్యాత ఆటను వర్ణించాలే గాని ఆటలో పాల్గొనకూడదు. కానీ ఆ అరుపు మైకులోంచి రాష్ట్రమంతా వినబడింది. ఆ సాయంత్రం మా రాష్ట్ర క్రీడావాణి రేడియోకు ఫోన్ల మీద ఫోన్లు. "ఆయన్నే పెట్టండి, ఆయనతోనే చెప్పించండి" అని. అద్దానికి ఇవతల కూర్చుని మైకుల ధ్వని సరిచూసుకునే ఉద్యోగం నాది. ఫోన్లెత్తే ఉద్యోగం కూడా నాదే కాబట్టి ఈ సంగతి నాకు బాగా తెలుసు.

ఎల్లేశంది బొల్లారం. కలకత్తా, గోవా క్లబ్బులకు చాలా ఏళ్లు డిఫెండరుగా ఆడి, మోకాళ్లు రెండూ రాజీనామా చేశాక ఇంటికొచ్చాడు. "ఇంట్ల కూసోని నా వంట మీద కామెంట్రీ చెప్పుడు కంటే, గాడికి వోయి ఆట మీద చెప్పు" అని భార్య రేణుక తోలితే మా దగ్గరికొచ్చాడు. గ్రాంథికం రాదు, అలంకారాలు రావు. కానీ బంతి ఎక్కడుందో అందరూ చూస్తున్నప్పుడు, అది ఎక్కడికి రాబోతుందో అతను చూసేవాడు.

"మైకుతోని మాట్లాడాల్నంటే గోడతోని మాట్లాడినట్టుంటది తమ్మీ," అని ఒకసారి నాతో అన్నాడు. "అందుకే నేను యాకోబుతోని మాట్లాడుత."

యాకోబు అతని చిన్ననాటి స్నేహితుడు, ఒకప్పుడు ఒకే జట్టులో గోల్‌కీపరు. షుగరు జబ్బుతో రెండు కళ్లూ పోయాయి. బొల్లారంలో ఇంటి అరుగు మీద రేడియో పెట్టుకుని ప్రతి మ్యాచూ వింటాడు. మ్యాచ్ అయిపోగానే ఫోన్ చేసి ఎల్లేశంతో తగువు పెట్టుకుంటాడు. ఆ తగువు కోసమే ఇద్దరూ బతుకుతున్నారా అన్నట్టు ఉండేది.

అంతా బాగానే సాగుతుండగా ఒక లీగ్ మ్యాచ్‌లో ఒక గోల్‌కీపరు కాళ్ల మధ్యనుంచి బంతి దొర్లుకుంటూ వెళ్లి గోల్లో పడింది. "గీ కీపరు కాళ్ల నడుమకెల్లి సిటీ బస్సు గూడ పోతది, అండ్ల ప్యాసింజర్లతోని సహా," అన్నాడు ఎల్లేశం. రాష్ట్రమంతా నవ్వింది. నవ్వనిది పై ఆఫీసులో ఒక్క పెద్దాయన. ఆ గోల్‌కీపరు ఆయనకు మేనల్లుడు.

మరుసటి వారమే మా డైరెక్టరు పరాంకుశరావు గారు 'మనోభావ సంరక్షణ వ్యాఖ్యాన విధానం' ప్రవేశపెట్టారు. పరాంకుశరావు గారు చెడ్డవారు కారు. ఫుట్‌బాల్ అంటే ద్వేషమూ లేదు, ఎందుకంటే ఆయన ఎన్నడూ చూడలేదు. అంతకు ముందు ఆయన చేపల పెంపకం శాఖలో ఉండేవారు.

"ఎల్లేశం గారూ," అన్నారు డైరెక్టరు తన గదిలో, "'గోల్‌కీపరు బంతిని వదిలేశాడు' అను వాక్యమునందు ఒక వ్యక్తిపై దోషారోపణ నిక్షిప్తమై ఉన్నది. సదరు భావమును ఇకమీదట 'బంతి గోల్‌కీపరు పరిధిని అతిక్రమించినది' అని వ్యక్తపరచవలసి ఉంటుంది."

"అంటే తప్పు బాల్‌దా సార్?"

"బంతికి మనోభావాలు ఉండవు గదా!"

బంతికి లేకపోవచ్చు గాని బంతులు కుట్టే సహకార సంఘానికి ఉన్నాయి. 'మా బంతులు పరిధులు అతిక్రమించేవిగా ప్రచారం చేయడం మా వృత్తిని అవమానించడమే' అని వాళ్లు ఉత్తరం రాశారు. డైరెక్టరు గారు వెంటనే బంతిని నిర్దోషిగా ప్రకటించి, ఇకమీదట గాలి వల్ల అని చెప్పమన్నారు. ఎల్లేశం గాలి వల్ల అని చెప్పాడు. ఆ రోజు గాలి లేదని, తాము గాలి ఉంటుందని చెప్పనే లేదని, తమ అంచనాల మీద ప్రజలకున్న నమ్మకం సడలుతోందని వాతావరణం వాళ్లు అభ్యంతరం చెప్పారు. మిగిలింది నేల. మైదానం ఎగుడుదిగుడు అన్నాడు ఎల్లేశం. మైదానం చదును చేయించిన కాంట్రాక్టరు స్వయంగా మా ఆఫీసుకు వచ్చి, మెట్ల మీద కూర్చుని కన్నీళ్లు పెట్టుకున్నాడు.

డైరెక్టరు గారు రెండు రోజులు ఆలోచించారు. మూడోరోజు ముఖం వెలిగిపోతూ పిలిచారు.

"కర్త వద్దు. కర్త ఉన్నచోటనే కలహమున్నది. ఇకమీదట 'ఒక గోలు సంభవించింది' అందాము."

"సంభవించింది అంటే భూకంపం వచ్చినట్టుంటది గద సార్?"

"సరిగ్గా అదే నా అభిప్రాయం! భూకంపానికి ఎవరినైనా బాధ్యులను చేయగలమా?"

ఎల్లేశం నా వైపు చూశాడు. నేను వైర్ల వైపు చూశాను.

తిట్టకూడదు సరే, పొగడవచ్చు గదా అని ఎల్లేశం ఆ తరువాతి మ్యాచ్‌లో ఒక గోల్‌కీపరును "మస్తుగ ఆపిండు" అన్నాడు. అది పొరపాటని డైరెక్టరు గారు వివరించారు. మస్తుగా ఆపాడంటే, కొట్టినవాడు ఆపడానికి వీలుగా కొట్టాడని ధ్వని. ఒకరిని ఎత్తడమంటే ఇంకొకరిని దించడమే. కాబట్టి 'బంతి ప్రయాణం విశ్రాంతి పొందింది' అనాలి. అలాగే ఫౌలు చేశాడు అనకూడదు. ఇద్దరు క్రీడాకారుల మధ్య సామీప్యం ఏర్పడింది అనాలి.

ఇవన్నీ ఎల్లేశం భరించాడు. డిఫెండరుగా ఉన్నన్నాళ్లూ ఎదుటివాడు ఎటు తిరిగితే అటు తిరగడం అలవాటైన మనిషి. కానీ ఆ తరువాత ఓడిపోయిన క్లబ్బు ఒకటి, 'మీ వ్యాఖ్యాత పదే పదే స్కోరు చెప్పి మా గాయం మీద కారం చల్లాడు' అని రాయడంతో వచ్చింది అసలైన ఉపద్రవం. దాన్నే డైరెక్టరు గారు తన జీవితంలోకెల్లా గొప్ప ఆలోచన అనేవారు.

"ఒక జట్టుకు గోలు అన్నామంటే రెండవ జట్టుకు అదే నష్టము. కానీ నిష్పక్షపాతముగా పరిశీలించినచో, గోలు అనునది ఉభయ జట్ల సహకారంతోనే సాధ్యపడుతున్నది. ఒకరు కొట్టాలి, మరొకరు ఆపకుండా ఉండాలి. కావున ఇకనుంచి గోల్స్ అన్నీ సంయుక్తమే. మొత్తం మాత్రమే చెప్పండి."

"మొత్తమా?"

"మొత్తమే."

"మరి ఎవరు గెలిచిండ్రో జనానికి ఎట్ల తెలుస్తది సార్?"

డైరెక్టరు గారు కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. "ఎల్లేశం గారూ, గెలుపు గురించిన సమాచారమునందే ఓటమి గురించిన సమాచారము కూడ ఇమిడి ఉన్నదని మరువరాదు."

ఆ ఆదివారం మా ప్రసారం ఇలా ముగిసింది: "ఉభయ జట్ల సంయుక్త కృషితో ఈ మ్యాచ్‌లో మొత్తం ఐదు గోల్స్ సంభవించాయి. ఇరుజట్లకూ అభినందనలు. నమస్కారం."

ఎల్లేశం ఇంకా హెడ్‌ఫోన్స్ తీయకముందే యాకోబు ఫోన్ వచ్చింది. స్పీకరులో పెట్టాను.

"ఏందిర గది? ఐదుట్ల ఎవనికెన్ని?"

"సంయుక్తం రా."

"సంయుక్తమంటే ఏంది? పెండ్లి పత్రికనా? ఎవడు గెలిచిండో చెప్పు."

"ఫోన్ల చెప్త తియ్. మూడు, రెండు. మల్లేపల్లోల్లు."

"నీ ఫోను నాకెందుకు? ఎవడు గెలిచిండో పొద్దుగాల పేపరోడు గూడ చెప్తడు. ఎట్ల గెలిచిండో నువ్వు చెప్పాలె. నాకు కండ్లు లెవ్వు, నీకు నోరు లేకపాయె. మంచిగ కుదిరినం ఇద్దరం!"

ఫోన్ పెట్టేశాడు. ఆ రోజు తగువు లేదు.

పై ఆఫీసు మాత్రం పరమానందపడింది. ఆ నెలలో క్రీడావాణి మీద ఫిర్యాదు ఒక్కటీ రాలేదు. వినేవాళ్లుంటే గదా ఫిర్యాదు చేయడానికి అని నాబోటి వాళ్లం అనుకున్నాం గాని, ఆ లెక్క రాయడానికి నివేదికలో గడి ఏదీ లేదు. ఫిర్యాదుల శూన్యతకు గాను డైరెక్టరు గారికి ఇత్తడి షీల్డు ఇచ్చారు. మిగతా రేడియో కేంద్రాల కార్యక్రమాలూ ఆయన దారి పట్టాయి. రైతుల కార్యక్రమంలో వంకాయ ధర తగ్గిందంటే వంకాయ రైతు నొచ్చుకుంటాడని కూరగాయలన్నింటి ధరా కలిపి ఒకే అంకె చెప్పసాగారు. వాతావరణ సూచనలో రాష్ట్రమంతటికీ కలిపి ఎండావానా సమపాళ్లలో పంచారు.

ఎల్లేశానికి ఆ భాష ఒంటబట్టింది. అదే భయం వేసింది రేణుకకు. ఒకరోజు మా ఆఫీసుకు అన్నం డబ్బా తెచ్చి నాతో మొరపెట్టుకుంది.

"నిన్న కూరల ఉప్పెయ్య మర్శిన సారూ. తిట్టడా మనిషి? 'కూరల ఉప్పు సంభవించలేదు' అన్నడు. నాకు ఏడుపొచ్చింది. తిట్టినా మంచిగుండు."

మానేస్తానని ఎల్లేశం రెండుసార్లు అన్నాడు. నేను మానేస్తే ఆ కుర్చీలో ఇంకొకడు కూర్చుంటాడు, యాకోబుకు నా గొంతు కూడా ఉండదు అని రెండుసార్లూ తనే ఆగిపోయాడు.

ఇలాంటి సమయంలో మహిళల లీగ్ ఫైనల్ వచ్చింది. బొల్లారం జట్టుకూ నాంపల్లి జట్టుకూ. బొల్లారం గోల్‌కీపరు మెర్సీ, యాకోబు కూతురు. పాలప్యాకెట్లు వేసుకుంటూ, కాలేజీకి వెళుతూ, మిగిలిన వేళల్లో గోడకు బంతి కొట్టుకుంటూ ఆట నేర్చుకున్న పిల్ల. ఆమె ఆడటం తండ్రి ఎన్నడూ చూడలేదు. ఆమె గ్లవ్స్ వేసుకునే నాటికే ఆయన చూపు పోయింది.

ఫైనల్‌కు ముందు రోజు ఎల్లేశం నన్ను వెంటబెట్టుకుని వాళ్లింటికి వెళ్లాడు. యాకోబు అరుగు మీద కూర్చుని, కూతురి గ్లవ్స్‌ను చేతులతో తడిమి కుట్లు చూస్తున్నాడు.

"గ్రౌండుకే రారాదుర. పక్కన కూసుండబెట్టుకుంట," అన్నాడు ఎల్లేశం.

"జనం లొల్లిల నాకేం సమజైతది? రేడియోనే నయం. కానీ ఒక్క మాటర ఎల్లేశా. రేపు నా బిడ్డ ఆట చూపియ్యి. మంచిగ ఆడితె మంచిగ ఆడిందను. గలీజుగ ఆడితె గలీజుగ ఆడిందను. సంభవించింది, సామీప్యం, గవన్నీ నాకొద్దు."

మెర్సీ లోపలినుంచి టీ తెచ్చింది. "కాకను ఎందుకు తిప్పల పెడ్తవు నాయినా, ఆయన నౌకరీ పోతది," అంది.

ఫైనల్ రోజున డైరెక్టరు గారు స్వయంగా వచ్చి నా పక్కన కూర్చున్నారు. విధానం ఎంత సజావుగా అమలవుతోందో పై ఆఫీసుకు నివేదించాలట. నా గదికి మైదానం వైపు కిటికీ లేదు. అద్దంలోంచి ఎల్లేశం వీపు మాత్రం కనిపిస్తుంది. డైరెక్టరు గారు హెడ్‌ఫోన్స్ పెట్టుకుని కళ్లు మూసుకున్నారు.

మొదటి సగమంతా ఎల్లేశం నియమం తప్పలేదు. బంతి ప్రయాణించింది, విశ్రాంతి పొందింది, సామీప్యాలు ఏర్పడ్డాయి. విరామానికి కొంచెం ముందు మైదానంలో పెద్ద హోరు లేచింది. "ఒక గోలు సంభవించింది," అన్నాడు. డైరెక్టరు గారు తృప్తిగా తలూపారు.

విరామంలో ఫోన్ మోగింది. యాకోబు.

"సారూ, గోలు మా పోరికి వడ్డదా, మావోల్లు కొట్టిండ్రా? గోలు అన్నడు, ఎవలదో చెప్పడాయె. నా బిడ్డ నిలవడ్డదా, కూలవడ్డదా? గదొక్కటి చెప్పుమనుర్రి."

నేను అద్దం తలుపు తీసి ఆ మాటలు ఉన్నవి ఉన్నట్టు ఎల్లేశానికి చెప్పాను. అతను మంచినీళ్లు తాగి, గ్లాసు కింద పెట్టి, మైకును దగ్గరికి లాక్కున్నాడు.

రెండో సగం మొదలైంది.

"యాకోబూ, ఇను," అన్నాడు. "బొల్లారం ఒకటి, నాంపల్లి సున్నా. గోలు కొట్టింది మనోల్లే. నీ బిడ్డ నిలవడ్డది. పచ్చంగి తొడిగింది, జుట్టు ఎనకకు గట్టిగ కట్టింది. గీత మీద నిలవడక రెండడుగులు ముంగటికొచ్చి నిలవడ్డది, అచ్చం నీ లెక్క. అగో, నాంపల్లి తొమ్మిదో నంబరు ఉరుకుతున్నది... కొట్టింది! మెర్సీ ఎడమకు దుంకింది, ఏళ్ల కొసలతోని తోసింది! అబ్బ! పోరీ! అది ఆపతరం గాని బాల్ యాకోబూ, అది నువ్వుగూడ ఆపకపోతువు!"

డైరెక్టరు గారు కుర్చీలోంచి లేచారు. "ఏమిటిది? కర్తలు! విశేషణాలు! ధ్వనిని తగ్గించండి వెంటనే!"

పై అధికారి ఆజ్ఞ. తగ్గించాను. ఆయన హెడ్‌ఫోన్స్‌లో తగ్గించాను. ఏమీ వినబడకపోయేసరికి ప్రసారం ఆగిందనుకుని, ఆయన కూర్చుని సంజాయిషీ నోటీసు రాయడం మొదలుపెట్టారు.

అటు ఎల్లేశం ఆగలేదు. నాంపల్లి వాళ్లు ఒకటి తిరిగి కొట్టారు. ఎవరు ఎవరిని దాటారో, ఎవరు చూస్తూ నిలబడ్డారో, రిఫరీ ఎటు చూస్తున్నాడో అన్నీ చెప్పాడు. ఇక ఆట అయిపోతుందనగా నాంపల్లికి కార్నర్ దొరికింది.

"బాల్ లేసింది... మెర్సీ ముంగటికొచ్చింది... రావద్దు బిడ్డా, రావద్దు! అయ్యో. బాల్ నెత్తి మీదికెల్లి పోయింది. ఎనక నాంపల్లి పోరి తల వెట్టింది. గోలు. రెండు, ఒకటి." నేను చూస్తుండగా అతని భుజాలు ఒంగిపోయాయి. కానీ గొంతు ఒంగలేదు. "తప్పు మెర్సీదే యాకోబూ. జర నిలవడి ఉంటె చేతికే వస్తుండె. మంచిగ ఆడింది, ఆఖర్ల తప్పు చేసింది. ఇప్పుడు గోలుపోస్టుకు తల ఆనించి నిలవడ్డది. ఏడుస్తలేదు."

మ్యాచ్ ముగిసింది. మా కార్యక్రమంలో చివరన శ్రోతల స్పందనకు కొంత సమయముంటుంది. చాలా వారాలుగా ఆ సమయంలో వేణువు రికార్డు వేస్తున్నాం. ఈసారి ఫోన్ దానంతటదే మోగింది. ప్రసారంలోకే కలిపేశాను.

"ఎల్లేశా! నీకు కండ్లున్నయా లెవ్వా?" యాకోబు అరుపుకు నా మీటరు ముల్లు ఎగిరిపడింది. "కార్నర్ల కీపరు ముంగటికి రాకపోతె డిఫెండరు రావాలె! పోస్టు కాడ ఉండాల్సిన డిఫెండరు ఏడవాయె? ఎవర్తి పోయింది ముంగటికి? అది చెప్పకుండ నా బిడ్డ మీద వెడ్తవా? డిఫెండర్లందరు గింతే, జిందగీల కీపర్ల మీద ఏసుడే!"

"నేను సూసిన గదర!"

"సూసినవు, సమజ్ కాలే!"

రాష్ట్రమంతా విన్నది. ఆ వెనక ఒకటే ఫోన్లు. మెర్సీదే తప్పని కొందరు, డిఫెండరుదని కొందరు, అసలది కార్నరే కాదని ఒకాయన.

వారం తిరిగేసరికి విచారణ. బాధితుడి కింద యాకోబును పిలిపించారు. మెర్సీ తండ్రి చేయి పట్టుకుని తీసుకొచ్చింది. ఎల్లేశం ఒక మూల నిలబడ్డాడు. రాసుకోవడానికి నేను.

"యాకోబు గారూ, సదరు ప్రసారం వలన మీ మనోభావములు గాయపడినవని మీ టెలిఫోన్ సంభాషణ వలన విదితమగుచున్నది. వాస్తవమేనా?"

"వాస్తవమే సార్. మస్తు గాయపడ్డయి."

డైరెక్టరు గారు ముందుకు వంగారు. "'తప్పు మెర్సీదే' అను వాక్యము వలననే గదా?"

"కాదు సార్. అంతకు ముంగట ఎన్నో ఆదివారాలు ఐదు గోల్లు, ఆరు గోల్లు అని మొత్తం చెప్పిండ్రు సూడుండ్రి, గప్పుడు గాయపడ్డయి. తప్పన్నందుకు కోపమొచ్చింది. కోపం వేరు, గాయం వేరు. కోపమొస్తె నేను లేసి కూసుంట."

"మీరు గుడ్డివారన్న జాలి కూడ చూపక..."

"జాలి చూపలేదనే గద సార్ నేను మెచ్చుకునేది."

డైరెక్టరు గారికి ఇది ఎక్కడ రాయాలో తెలియలేదు. నివేదిక చెప్పసాగారు, నేను రాయసాగాను. "ఫైనల్ దినమున ఒక వ్యాఖ్యానము సంభవించినది..." అక్కడ ఆగారు. శిక్ష వేయాలంటే ఎవరు చేశారో రాయాలి. ఎవరు చేశారో రాస్తే దోషారోపణ, విధానానికి విరుద్ధం. పోనీ విధానాన్నే రద్దు చేద్దామంటే, అందులో దోషముందని ఒప్పుకున్నట్టవుతుంది, అదీ విరుద్ధమే. ఆయన పెన్ను మూత పెట్టారు, తీశారు, మళ్లీ పెట్టారు.

"టీ విరామం," అన్నారు.

కింద క్యాంటీన్లో ముగ్గురూ ఒక బల్ల దగ్గర కూర్చున్నారు. నేను వెళ్లేసరికే ఉప్పుడబ్బీ గోల్‌కీపరు అయింది, టీ గ్లాసులు డిఫెండర్లయ్యాయి. యాకోబు చేతులతో తడుముతూ వాటిని సర్దుతున్నాడు. "ఈడ, ఈ గ్లాసు ఈడుండాలె!"

"నాయినా, ఆగు," అంది మెర్సీ. "కాక చెప్పిందే కరెక్టు. నేను రావద్దుండె. జనం ఒర్లుతుంటె ఆగలేకపోయిన. నాకు గప్పుడే ఎరుకయింది."

"నువ్వూర్కోయే, నీకేం తెలుసు," అన్నాడు యాకోబు. కానీ చేయి చాపి ఆమె తల మీద పెట్టాడు.

డైరెక్టరు గారు తన గ్లాసు పట్టుకుని కాసేపు దూరంగా నిలబడ్డారు. తరువాత దగ్గరికి వచ్చారు. గొంతు తగ్గించి, చుట్టూ చూసి అడిగారు. "ఇంతకీ... అధికారికంగా కాదు, ఊరికే... ఆ మ్యాచ్ ఎవరు గెలిచారండీ?"

"నాంపల్లి, సార్," అంది మెర్సీ. "రెండు, ఒకటి. ఆఖర్ల నా మీదికెల్లి పోయింది."

"అయ్యయ్యో," అన్నారు డైరెక్టరు గారు. ఆ మాట ఆఫీసు మాటలా లేదు. కుర్చీ లాక్కుని కూర్చున్నారు. గ్లాసులను అటూ ఇటూ చూసి, చాలాసేపు ఆలోచించి, ఒక గ్లాసును వేలితో జరిపారు. "మరి ఈ అమ్మాయిని ఇక్కడ నిలబెడితే?"

"గక్కడ నిలవెడితె ఆఫ్‌సైడే ఉండదు సార్, మొత్తం ఖరాబైతది," అన్నాడు ఎల్లేశం. "మీకు ఆట అస్సలు తెల్వదు."

అందులో కర్త ఉంది, దోషారోపణ ఉంది, గాయపడవలసిన మనిషి ఎదురుగానే ఉన్నాడు. డైరెక్టరు గారు గ్లాసును మళ్లీ వెనక్కి జరిపి, ఇంకో నాలుగు టీలు చెప్పారు.